నవ్వులపాలైన వారే నవ్వించిన వేళ

ఖరగ్‌పూర్: బెంగాల్ నాగపూర్ రైల్వే నాటి నుంచి ఉత్తరాంధ్ర జిల్లాల కుటుంబాలు ఉపాధి కోసం తరలివచ్చి స్థిరపడిన పట్టణమిది. ఇంట్లో తెలుగు, వీధిలో బెంగాలీ, హిందీ. ఈ భాషల నడుమ పెరిగిన పిల్లల మాట స్వగ్రామంలో బంధువులకు వింత, ఇక్కడ ఇరుగుపొరుగుకూ వింతే. వలస కుటుంబాలన్నిటికీ తెలిసిన ఈ అనుభవాన్నే పెట్టుబడిగా చేసుకుని బ్రిటిష్ టెలివిజన్‌లో హాస్యనటిగా రాణించారు మీరా స్యాల్.

భారత్ నుంచి వలస వెళ్లిన పంజాబీ దంపతులకు ఆమె 1961లో వుల్వర్‌హాంప్టన్‌లో జన్మించారు. బాల్యం సమీపంలోని బొగ్గుగనుల గ్రామం ఎసింగ్టన్‌లో గడిచింది. ఆనాటి బ్రిటిష్ టీవీలో భారతీయుడంటే పరిహాస పాత్రే. 1974లో ప్రారంభమైన ‘ఇట్ ఎయింట్ హాఫ్ హాట్ మమ్’ ధారావాహికలో రంగీరామ్ అనే భారతీయుడి పాత్రను ఆంగ్లేయ నటుడు మైకేల్ బేట్స్ ముఖానికి రంగు పులుముకుని పోషించారు.

మాంచెస్టర్ విశ్వవిద్యాలయంలో ఆంగ్లం, నాటకం అభ్యసించిన మీరా స్యాల్ తాను రచించిన ఏకపాత్ర నాటకంతో రంగస్థలంపై గుర్తింపు పొందారు. 1993లో విడుదలైన ‘భాజీ ఆన్ ది బీచ్’ చిత్రానికి రచన చేశారు. ‘గుడ్‌నెస్ గ్రేషస్ మీ’ ఆమెను ఇంటింటికీ పరిచయం చేసింది. 1996లో బీబీసీ రేడియోలో, 1998లో టీవీలో ప్రారంభమైన ఈ కార్యక్రమానికి ఆ పేరు పీటర్ సెల్లర్స్ భారతీయ వైద్యుడి గొంతుతో పాడిన 1960 నాటి పాట నుంచి వచ్చినదే కావడం విశేషం. బొంబాయి యువకులు ఇంగ్లిషు హోటల్‌కు వెళ్లి, అన్నిటికన్నా చప్పిడి వంటకం ఏదని వెయిటర్‌ను వేధించే దృశ్యం నేటికీ ప్రేక్షకులకు గుర్తే. లండన్‌లోని భారతీయ హోటళ్లలో తాగి వచ్చిన ఆంగ్లేయులు చేసే హంగామాకు అది అద్దం.

2001-06 మధ్య ప్రసారమైన ‘ది కుమార్స్ ఎట్ నెం. 42’లో నలభై ఏళ్ల వయసుకే ఆమె నోటి దురుసు నానమ్మ అయ్యారు. మనవడిగా నటించిన సంజీవ్ భాస్కర్‌నే 2005లో వివాహమాడారు. ఈ ధారావాహిక 2002, 2003లలో అంతర్జాతీయ ఎమ్మీ పురస్కారాలు అందుకుంది. 2015లో సీబీఈ, 2023లో బాఫ్టా ఫెలోషిప్ ఆమెను వరించాయి.

పాత్రలు ఇతరులు రాసినంతకాలం వలసదారు నవ్వులపాలయ్యాడు. ఆ ఇంటి ఆడపడుచు కలం పట్టాక అదే యాస, అదే నానమ్మ అందరి అభిమానం చూరగొన్నాయి. ఖరగ్‌పూర్ రైల్వే క్వార్టర్లలోనూ అటువంటి నానమ్మలకు కొదవ లేదు.