ఏనుగులు మరలివచ్చిన అడవి

ఒక అడవిని ప్రభుత్వము అభయారణ్యముగా ప్రకటించుటయు, పిదప అందలి మృగములు నిర్భయముగా పెంపొందుటయు లోకములో సామాన్యముగా జరుగుచుండును. చిత్తూరు జిల్లాలోని కౌండిన్య అభయారణ్యము కథ మాత్రము దీనికి తలక్రిందు. ఇచటికి మొదట ఏనుగులు వచ్చినవి. వాని వెనుక అభయారణ్యము వచ్చినది.

దక్షిణ రాయలసీమ అడవులలో సుమారు రెండు వందల యేండ్లపాటు ఏనుగుల మంద లేదు. ఏనుగనగా గుడి ఉత్సవములలో కానవచ్చు జంతువే. 1980వ దశకము నడిమి కాలమున తమిళనాడులోని హోసూరు వైపునుండియు, కర్ణాటకములోని ఆనేకల్లు వైపునుండియు కొన్ని ఏనుగులు బయలుదేరి కుప్పము, పలమనేరు అడవులకు చేరినవి. తమ పాత తావులలో అడవి తరిగిపోవుటయు, మేతకును నీటికిని ఇబ్బంది కలుగుటయు ఇందులకు కారణములని చెప్పుదురు. వచ్చినవి మరలిపోలేదు. ఈ అడవులలోనే అవి ఈనినవి, గున్నలను పెంచినవి. 1990లో ప్రభుత్వము సుమారు 357 చదరపు కిలోమీటర్ల అడవిని కౌండిన్య అభయారణ్యముగా ప్రకటించినది. 2003లో రాయల ఏనుగుల రక్షితప్రదేశము ఏర్పడినది. తరువాతి కాలమున కొన్ని ఏనుగులు ఉత్తరముగా సాగి శేషాచలము అడవులకు సయితము చేరినవి.

ఈ అడవిని చూడగోరువారికి చిత్తూరునుండి ఒకనాటి ప్రయాణము చాలును. తిరుపతినుండి వచ్చువారు తెల్లవారకముందే బయలుదేరవలయును. చిత్తూరునుండి బెంగుళూరు పోవు రహదారిపై పలమనేరు సుమారు 40 కిలోమీటర్ల దూరమున నున్నది. బంగారుపాళెము దాటువరకు దారికి రెండు వైపుల మామిడితోపులు కానవచ్చును. ముక్కువలె కొన తిరిగిన తోతాపురి కాయలు ఇచట విస్తారముగా కాయును. వాని గుజ్జు తీసి డబ్బాలలో నింపి దూరదేశములకు పంపుదురు. మొగిలీశ్వరుని ఆలయముగల మొగిలి గ్రామము దాటగానే కనుమ మొదలగును. బండి మలుపులు తిరుగుచు పైకి పోవుకొలది క్రింది మైదానము పలుచని పొగమంచులో మునిగిపోవుచుండును. ఉక్క తగ్గి చల్లగాలి ముఖమునకు తగులును. చిత్తూరు కంటె పలమనేరు వేయి అడుగులకు పైగా ఎత్తున నున్నది. మైసూరు పీఠభూమి అంచు ఇదియే. కనుమ ఎక్కుట ముగిసినది, దిగుట మాత్రము ఉండదు. ఆ సంగతి గమనించినవారికి పీఠభూమి అనగా నేమో పుస్తకము లేకయే తెలియును.

పలమనేరులో ఒక విచిత్రము కలదు. ఇచటి పశుపరిశోధన కేంద్రములో పుంగనూరు జాతి ఆవులను కాపాడి పెంచుచున్నారు. లోకములోని మిక్కిలి పొట్టి పశుజాతులలో ఇది యొకటి. నిలువెత్తు ఆవు మనిషి నడుమునకు మించదు. భూమిపై తిరుగు జంతువులలో ఏనుగును మించిన పెద్దది లేదు. ఈ రెండును ఒక్క తాలూకా గాలినే పీల్చుచున్నవి.

పలమనేరునుండి దక్షిణముగా పోయినచో అభయారణ్యము ఎదురగును. ఇది తనయిష్టము వచ్చినట్లు చొరబడదగిన చోటు కాదు. 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టము ప్రకారము అభయారణ్యములో ప్రవేశించుటకు అటవీశాఖవారి అనుమతి కావలెను. ఆయుధము తీసికొనిపోరాదు, నిప్పు రాజేయరాదు, మృగములను రెచ్చగొట్టరాదు. వెంట దారి తెలిసినవాడొకడు ఉండితీరవలెను. ఈ పనికి సమీపగ్రామములవారే తగినవారు. ఏనుగుల జాడలు పట్టి ఎప్పటికప్పుడు తెలుపుటకు అటవీశాఖ ఇట్టి స్థానికులనే నియమించుకొనుచుండును, వారిని ట్రాకర్లందురు.

జీపు అడవిలో ప్రవేశించునప్పుడు ఆ మనుష్యుడు చెప్పు మొదటిమాట, "దిగబాకండి" అని. రెండవది, మాటలాడవద్దని. గాలి ఎటునుండి వీచుచున్నదో అతడు మాటిమాటికి చూచుచుండును. ఏనుగు చూపు అంత చురుకైనది కాదుగాని, వాసన పసిగట్టుటలో దానికి సాటి వచ్చు జంతువులు అరుదు. గాలి జీపుమీదుగా మందవైపు పోయినచో, మనుష్యులు దానిని చూడకముందే అది వారిని తెలిసికొనును.

ఈ దారి కన్నులకు పండుగ. గుట్టవెనుక గుట్ట, నడుమ లోతైన లోయ, లోయలో బండలమధ్య సన్నగా పారు ఏరు. కౌండిన్య, కైగల్ అను రెండు వాగులు ఈ కొండలనుండి ప్రవహించి పాలారులో కలియును. వేసవిలో చెట్లు ఆకులు రాల్చి మోడులై నిలుచును. వానలు కురిసిన పది పదునైదు దినములకే అంతయు పచ్చనగును. చిరుమాను, చింత, మఱ్ఱి, వెదురుపొదలు ఎక్కువ. చిరుతపులి, ఎలుగుబంటి, కణుజు, చుక్కలదుప్పి, ముళ్ళపంది, రాత్రివేళ పెద్దకన్నులతో కొమ్మలపై మెల్లగా ప్రాకు దేవాంగపిల్లి ఇచట వసించును. ఇవన్నియు ఒక్కపూటలో దర్శనమిచ్చునని ఎవ్వరును ఆశపడరాదు. జంతుప్రదర్శనశాల వేరు, అడవి వేరు. చూడవచ్చినవారి కొరకు అడవి వేచియుండదు.

అయినను అడవి చదువదగిన గ్రంథము. చదువుట వచ్చినవాడు ప్రక్కన నుండవలెను. దారిలో మెత్తని మట్టిపై పళ్ళెములంత గుంటలు కనబడగానే జీపు ఆగును. గుండ్రనిది ముందుకాలి ముద్ర, కోలగా నున్నది వెనుకకాలిది. ముందుకాలి ముద్ర చుట్టుకొలతను దారముతో కొలిచి రెండింతలు చేసినచో ఏనుగు భుజము ఎత్తు ఇంచుమించుగా తేలును. 54 అంగుళముల ముద్ర యైనచో ఆ ఏనుగు 108 అంగుళములు, అనగా తొమ్మిది అడుగుల ఎత్తుగలది. ఇందులకు యంత్రమేమియు నక్కరలేదు, మూడవ తరగతి లెక్కలు చాలును. పెద్దముద్రల ప్రక్క చిన్నముద్రలున్నచో మందలో గున్న యున్నట్లు. అప్పుడు జాగ్రత్త రెట్టింపు కావలెను. ఇరువది రెండు మాసములు మోసి కన్న బిడ్డను కాచుకొను తల్లికంటె కోపిష్ఠి ఈ అడవిలో లేదు.

తరువాత లద్ది. పట్టణమువారు ముక్కు మూసికొందురుగాని, జాడ తీయువాడు దానిని చేతితో ముట్టి చూచును. వెచ్చగా తడిగా నున్నచో మంద సమీపముననే యున్నది. ఎండి పైన చీమలు పుట్టలు చేరినచో నిన్నటిదో మొన్నటిదో. లద్దిలో వెదురుపీచు కనబడినచో అది అడవిలో మేసినది. రాగికంకియో, మామిడిటెంకయో, చెరకుపిప్పియో కనబడినచో రాత్రి ఎవరి పొలమో పాడైనదని అర్థము. ఏనుగు దినమునకు సుమారు నూటయేబది కిలోల మేత మేయును. తిన్నదానిలో సగముదాక జీర్ణము కాక బయటపడును. ఆ లద్దిలోని గింజలు వానకు మొలకెత్తును. పేడపురుగు మొదలు చింతమొక్క వరకు ఎన్నో ప్రాణులు దానివలన బ్రతుకును.

చెట్టుబోదెపై బురద అంటిన ఎత్తును బట్టి అచట ఒళ్ళు రుద్దుకొన్న ఏనుగు ఎత్తు తెలియును. కొమ్మ విరిచిన చోట పాలు కారుచున్నదో ఎండినదో చూచి సమయమును గణించవచ్చును. ఇక శబ్దములు. ఏనుగు ఘీంకారము అందరకు తెలిసినదే. కాని అవి తమలో తాము చేసికొను సంభాషణలో చాలభాగము మన చెవులకు వినబడదు. సెకనుకు 20 కంపనములకంటె తక్కువగానున్న ధ్వనిని మనుష్యుని చెవి గ్రహింపజాలదు. 1984లో అమెరికాలోని పోర్ట్‌లాండ్ జంతుశాలలో కేటీ పేన్ అను పరిశోధకురాలు ఏనుగులచెంత నిలిచి, వినబడని ఒక కంపనము గాలిలో నున్నట్లు ఒంటికి తోచగా, పరికరములతో పరీక్షించి ఈ రహస్యమును కనిపెట్టెను. చిత్తూరు సీమకు ఏనుగులు చేరినది ఇంచుమించుగా ఆ కాలముననే. కొండ కావల నొక మంద, ఈవల నొక మంద మేయుచు, ఒక్క కేకయైనను వినబడకుండ ఒకే వేళకు నీటికి దిగుట ఎట్లు సాధ్యమో దీనివలన తెలియుచున్నది.

జీపు కొంతదూరము పోవునప్పటికి చెట్లు హఠాత్తుగా ముగిసి పొలములు వచ్చును. మరల అడవి, మరల పొలము. కౌండిన్య అడవి పొడవుగా సాగి, పలుచోట్ల ఇరుకై, గ్రామములమధ్య చిక్కుకొని యున్నది. పటములో చూచునప్పటికంటె దారిలో పోవునప్పుడే ఈ సంగతి బాగుగా బోధపడును. ఒక ఏనుగుల మంద సంవత్సరములో తిరుగు ప్రదేశము వందలకొలది చదరపు కిలోమీటర్లు ఉండవచ్చును. ఈ అభయారణ్యము మొత్తమే 357. ఆకలిగొన్న ఏనుగునకు అడవి అంచున నున్న చెరకుతోట ఎట్లు తోచునో ఊహించుట కష్టము కాదు. వెదురును గంటలకొలది వెదకి మేయుటకంటె తీయని చెరకును క్షణములో పెరికి తినుట సుళువు.

రైతు వైపునుండి చూచినచో ఇదియే సంగతి మరొకవిధముగా నుండును. ఈ ప్రాంతమున టమాటా, రాగి, చెరకు, అరటి, వరి పండింతురు. అప్పు తెచ్చి నాటిన పంట నాలుగు మాసములు కండ్లలో పెట్టుకొని పెంచినది, ఒక్కరాత్రి మంద నడచిపోయినచో తొక్కుడుపడి పోవును. తిన్నదానికంటె తొక్కినదే ఎక్కువ. నష్టపరిహారము కలదుగాని, పరిహారము పంటకు సాటి రాదని రైతు లందురు. వారి మాట కొట్టివేయదగినది కాదు. పంట కావలికి పోయి ఏనుగు వాతబడి ప్రాణములు కోల్పోయినవారు కలరు. పొలమునకు అక్రమముగా కట్టిన కరెంటుతీగ తగిలి కూలిపోయిన ఏనుగులును కలవు. ఈ అడవి చుట్టు జరుగు వివాదములో రెండు పక్షములవారును చచ్చుచున్నారు.

అడవి అంచున లోతైన కందకములు త్రవ్వినారు, సూర్యరశ్మితో పనిచేయు కంచెలు కట్టినారు. ఈ కంచె ఏనుగును చంపదు, ఒక్కక్షణము గట్టిగా అదరగొట్టును. మొదట ఏనుగులు జంకినవి. పిదప ఎండుమాను తెచ్చి తీగపై పడవేసినచో దెబ్బ తగులదని కొన్ని నేర్చుకొన్నవి. దంతముద్వారా విద్యుత్తు పారదని తెలిసికొని దంతముతో తీగను త్రెంచినవియు కలవు. కందకముగట్టును కాలితో త్రోసి మట్టి నింపి దాటునవి కొన్ని. ఇంత తెలివిగల జంతువును అడ్డగించుటకు ఒక్క ఉపాయము చాలదు, ఒకసారి కనిపెట్టిన ఉపాయము కలకాలము పనిచేయదు.

అందుచేత ఏనుగును ఏనుగుచేతనే మరలించు పాతపద్ధతి కూడ అనుసరించుచున్నారు. ఇట్లు శిక్షణ పొందిన ఏనుగులను కుంకీలందురు. మావటివాని ఆజ్ఞకు లోబడి ఇవి మందను పొలములనుండి అడవివైపు త్రోలును. కుప్పము వైపున ననియాల శిబిరములో ఇట్టివి పూర్వమే యుండెను. 2025 మే మాసములో కర్ణాటక ప్రభుత్వము ఆంధ్రప్రదేశునకు మరికొన్ని కుంకీలను అప్పగించినది. వానికై పలమనేరు సమీపమున ముసలిమడుగు వద్ద శిబిరము ఏర్పడినది. నాలుగు దశకములకు పూర్వము ఏనుగులు తమంతట దాటివచ్చిన ఎల్లనే ఇవి లారీలపై దాటి వచ్చినవి.

ప్రయాణము చివర కైగల్ జలపాతమువద్దకు పోవుట వాడుక. పలమనేరునుండి కుప్పము పోవు దారికి కొంచెము లోపల నున్నది. దీనిని దుముకురాళ్ళ జలపాతమని కూడ పిలుతురు. నలుబది అడుగుల బండపైనుండి నీరు దుముకుచుండును. వేసవిలో సన్నని ధారయైనను మిగులునందున చుట్టుప్రక్కల మృగములకు ఇది ప్రాణాధారము. దర్శకులు ప్లాస్టిక్ సంచులను పారవేసి పోవుట ఇచట తరచు చూచు దృశ్యము. ఉప్పు తగిలిన సంచిని మృగములు మింగును. దాని ఫలితము వ్రాయనక్కరలేదు.

సాయంకాలమునకు ముందే అడవి విడిచి రావలెను. చాలమంది ఏనుగును చూడకుండగనే తిరిగివత్తురు. కొందరు నిరాశ చెందుదురు. జాడ తీయువాడు మాత్రము సంతోషించును. మంద అడవి లోపల నున్నదని అతనికి దానివలన తెలియును. అతడు జేబులోని ఫోను తీసి, ఈ రాత్రి మంద ఏ కొండవైపు మేయుచున్నదో అంచు గ్రామములవారికి ఒక్కొక్కరికే చెప్పును. జీపు పలమనేరు దారి పట్టునప్పటికి ప్రొద్దు గ్రుంకును. వెనుక పొలములలో టార్చిలైట్లు పట్టుకొని రైతులు ఒక్కరొక్కరుగా మంచెలెక్కుచుందురు.