వెంకయ్య చెప్పింది నిజమేనా?

గుడిసెలో కోడలు పురిటినొప్పులతో అల్లాడిపోతోంది. మంత్రసానిని పిలవడానికి మామ కదలడు, మొగుడూ కదలడు. ఆమె చచ్చిపోయాక మాత్రం ఇద్దరూ గుడ్డకని డబ్బులు అడుక్కోవడానికి బయలుదేరతారు!

1977లో మృణాల్ సేన్ తీసిన 'ఒక ఊరి కథ' ఇది. ప్రేమ్‌చంద్ 'కఫన్' దీనికి మూలం. వెంకయ్యగా వేసిన వాసుదేవరావు కన్నడ నటుడు, 'చోమన దుడి'తో జాతీయ ఉత్తమ నటుడైనవాడు. కొడుకు కిష్టయ్య నారాయణరావు, కోడలు నీలమ్మ మమతా శంకర్. ఆ ఏటి ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ అవార్డు కూడా వచ్చింది. అవార్డుదేముంది లెండి, చూసినవాడికి ఆ రాత్రి నిద్ర పట్టదు.

ఈమధ్య ఉదయగిరిలో మా మేనమామ ఇంట్లో మళ్లీ చూశాను. మెట్ట ప్రాంతం. వాన మొహం చాటేస్తే ఎంత కష్టపడ్డా ఫలం దక్కని నేల. సగం బొమ్మ కాకముందే మామ మండిపడ్డాడు. "ఏందబ్బయా, ఈ సోమరిపోతుల్ని మనం చూడాలా?"

వెంకయ్య వాదన వినాలి మరి. ఒళ్లు వంచితే లాభం భూస్వామికి, ఆకలి మనకి. అలాంటప్పుడు పని చేసేవాడే వెర్రివాడు. కాదనడం కష్టం. చిత్రం గొడవంతా ఇక్కడే. పేదవాణ్ణి ఇంత కసాయిగా చూపిస్తారా అని 'కఫన్' మీద దళిత రచయితలు కొందరు గట్టిగానే అభ్యంతరం చెప్పారు. ఆ అభ్యంతరం సినిమాకూ తగులుతుంది. దాన్ని కొట్టిపారెయ్యలేం.

కానీ పక్కన కూర్చున్న మా అత్త ఒక్క మాటంది. "ఆ ముసిలోడి నాయం బాగానే వుంది. ఆ బిడ్డ కష్టపడి తెచ్చిన కూడు మాత్రం తినొచ్చా?"

నిజమే! నీలమ్మ వచ్చాకే ఆ కొంప ఇల్లయింది. ఆమె పనిచేసింది, వాళ్లు తిన్నారు. భూస్వామిని తిట్టిన వెంకయ్య, కోడలి దగ్గర తానే భూస్వామి అయ్యాడు. మూలకథలో బుధియా మనకు మూలుగుగానే వినిపిస్తుంది. సేన్ ఆమెను నీలమ్మగా బతికించి, పని చేయించి, ఆ తర్వాత చంపాడు. అందుకే కథకన్నా సినిమా ఎక్కువ నొప్పి పెడుతుంది.

మామ చివరిదాకా చూశాడు. మళ్లీ సోమరిపోతులనలా.