వీడియో గేమ్‌ల క్యాసినోలో ఎలా గెలుస్తారు? ఆ కిటుకు ఫోన్ జూదంలో ఎందుకు పనిచేయదు?

హైవే పక్కన ఉన్న మార్టూరు లాంటి ఊళ్లలో ఒకప్పుడు నెట్ సెంటర్లు ఉండేవి గుర్తుందా? గంటకి ఇంత అని కట్టి, స్కూల్ వదలగానే పిల్లలు వెళ్లి కూర్చునేవాళ్లు. ఎక్కువమంది ఆడింది రెండే ఆటలు. ఒకటి వైస్ సిటీ, రెండోది 2004లో వచ్చిన జీటీఏ శాన్ ఆండ్రియాస్. ఆ రెండో ఆటలో లాస్ వెంచురాస్ అని ఒక ఊరుంది. అమెరికాలోని లాస్ వేగాస్‌ని చూసి కట్టిన ఊరు. అందులో క్యాసినోలు, గుర్రపు పందేల షాపులు, పేకాట బల్లలు అన్నీ ఉంటాయి.

అప్పటి పిల్లలు ఇప్పుడు ముప్పై దాటినవాళ్లు. ఒకరు గ్రానైట్ ఫ్యాక్టరీలో, ఒకరు పత్తి వ్యాపారంలో, ఇంకొకరు మిర్చి పొలంలో ఉన్నారు. చేతిలో స్మార్ట్‌ఫోన్ ఉంది. "చిన్నప్పుడు గేమ్‌లో లక్షలు గెలిచాం కదా, ఇందులో గెలవలేమా?" అనే మాట ఎక్కడో ఒకచోట వినపడుతూనే ఉంటుంది. అందుకే ఈ వ్యాసం. ముందు ఆ గేముల్లో నిజంగా ఎలా గెలుస్తారో చూద్దాం. ఆ తర్వాత ఆ గెలుపు ఎక్కడ ఆగిపోతుందో చూద్దాం.

మొదటి కిటుకు: సేవ్ చేసుకోవడం

శాన్ ఆండ్రియాస్‌లో డబ్బు సంపాదించడానికి అందరికీ తెలిసిన దారి ఒకటుంది. ముందు ఆటని సేవ్ చేస్తారు. పందెం షాపుకి వెళ్లి, ఎక్కువ రేటు ఉన్న గుర్రం మీద ఉన్నదంతా పెడతారు. గెలిస్తే మళ్లీ సేవ్. ఓడిపోతే పాత సేవ్ తెరిచి, అసలు ఓడిపోనట్టే మళ్లీ మొదలుపెడతారు. ఇలా పది ఇరవై సార్లు చేస్తే ఎంత దురదృష్టవంతుడైనా లక్షాధికారే.

ఇందులో తెలివి ఏమీ లేదు. గుర్రం గురించి తెలియాల్సిన పని లేదు. ఓటమిని తుడిచేసే సౌకర్యం ఉంది, అంతే. వీడియో గేమ్ క్యాసినోలో అన్నిటికన్నా బలమైన వ్యూహం ఇదే. ఈ ఒక్క ముక్క గుర్తుపెట్టుకోండి, చివర్లో మళ్లీ దీని దగ్గరికే వస్తాం.

2013లో మొదలైన జీటీఏ ఆన్‌లైన్‌లో 2019 జులైలో డైమండ్ క్యాసినో అని ఒకటి తెరిచారు. అక్కడ ఈ పాత సేవ్ కిటుకు కుదరదు. మన లెక్కంతా కంపెనీ సర్వర్‌లో ఉంటుంది. అందుకే అక్కడ అనుభవం ఉన్నవాళ్లు చెప్పేది ఒకటే: రోజుకి ఒకసారి ఉచితంగా తిప్పుకునే లక్కీ వీల్ తిప్పుకుని బయటికి వచ్చేయండి. ఏమీ పెట్టకుండా ఆడే ఆట ఒక్కటే నష్టం లేని ఆట.

రెండో కిటుకు: 21 ఆటకి పట్టిక

బ్లాక్‌జాక్ అంటే 21 ఆట. మన ముక్కల మొత్తం 21 దాటకూడదు, డీలర్ కన్నా ఎక్కువ ఉండాలి. క్యాసినో ఆటల్లో లెక్క వేసుకుని ఆడదగ్గది ఇదే. గేమ్‌లోనైనా, బయటైనా ఒకే పట్టిక పనిచేస్తుంది.

మీ మొత్తం 17 గానీ అంతకన్నా ఎక్కువ గానీ ఉంటే (ఆసుని 11గా లెక్కపెట్టని చేతిలో) ఆగిపోండి. 11 లేదా అంతకన్నా తక్కువ ఉంటే భయం లేకుండా ముక్క లాగండి, ఒక్క ముక్కతో 21 దాటడం కుదరదు. చిక్కంతా 12 నుంచి 16 మధ్యలో ఉంది. అప్పుడు డీలర్ చూపించే ముక్క చూడాలి. అది 7 నుంచి ఆసు వరకు ఏదైనా అయితే లాగాలి. 4, 5, 6 అయితే ఆగాలి. ఎందుకంటే డీలర్ 17 వచ్చేదాకా తప్పనిసరిగా లాగాలి, చిన్న ముక్కతో మొదలుపెట్టినప్పుడు 21 దాటిపోయే అవకాశం అతనికే ఎక్కువ. 2, 3 అయితే 13 పైన ఆగి, 12 మీద లాగుతారు.

లెక్క చూడండి. మీ దగ్గర 16 ఉంది. 13 రకాల ముక్కల్లో 6 నుంచి రాజు దాకా 8 రకాలు మిమ్మల్ని ముంచేస్తాయి. అంటే నూటికి 62 సార్లు పోతుంది. అదే 12 ఉంటే ముంచేవి నాలుగు రకాలే, నూటికి 31 సార్లు. రెండు ఆసులు వచ్చినా, రెండు ఎనిమిదులు వచ్చినా విడదీసి ఆడాలి. రెండు పదులు వస్తే ఎప్పుడూ విడదీయకూడదు. "ఇన్సూరెన్స్" తీసుకుంటారా అని అడిగితే వద్దనాలి.

ఇంత పద్ధతిగా ఆడినా, మంచి నిబంధనలున్న బల్ల మీద కూడా క్యాసినోకి నూటికి అర రూపాయి దాకా మిగులుతుంది. అంటే ఇది గెలిపించే పట్టిక కాదు. నెమ్మదిగా ఓడిపోయే పట్టిక. సినిమాల్లో చూపించే ముక్కల లెక్కింపు వీడియో గేముల్లో చాలాచోట్ల పనికిరాదు. ప్రతి ఆటకీ కట్టని కొత్తగా కలిపేస్తే గుర్తుపెట్టుకోవడానికి ఏం మిగులుతుంది?

రెట్టింపు పందెం అనే ఉచ్చు

"ఓడిపోతే రెట్టింపు పెట్టు, ఒక్కసారి గెలిచినా అంతా వచ్చేస్తుంది." ఈ సలహా ఇవ్వని ఊరు లేదు. తిరునాళ్లలో గుండాట దగ్గర కూడా ఇదే చెబుతారు. మన సామెత ఉండనే ఉంది కదా, పోయిన చోటే వెతుక్కోవాలని.

రూలెట్ చక్రం మీద లెక్క వేద్దాం. సున్నా, రెండు సున్నాలు ఉన్న చక్రంలో మొత్తం 38 గడులు. ఎరుపు 18, నలుపు 18, పచ్చ 2. ఎరుపు మీద పెడితే గెలిచే అవకాశం 38లో 18, అంటే నూటికి 47. వంద రూపాయలతో మొదలుపెట్టి రెట్టింపు చేస్తూ పోతే 100, 200, 400, 800... పదోసారికి పందెం 51,200. పదిసార్లు వరసగా పోతే మొత్తం నష్టం 1,02,300. గెలిస్తే వచ్చేది ఎంత? ఎన్నోసారి గెలిచినా వంద రూపాయలే.

పదిసార్లు వరసగా ఎక్కడ పోతుందిలే అనుకోవచ్చు. లెక్క ప్రకారం సుమారు 613 ప్రయత్నాల్లో ఒకసారి పోతుంది. మిగతా 612 సార్లు వందేసి గెలిస్తే 61,200. ఆ ఒక్కసారి పోయేది 1,02,300. గేమ్‌లో అయితే పాత సేవ్ తెరుస్తాం. బయట అయితే పొలం కాగితాలు తెరవాలి.

చక్రానికి జ్ఞాపకం ఉండదు. ఐదుసార్లు నలుపు వచ్చింది కాబట్టి ఈసారి ఎరుపు రావాలని ఏ చట్టమూ లేదు.

నిజంగా బుర్ర పనిచేసే ఆటలు

అన్నీ అదృష్టమేనా అంటే కాదు. పోకేమాన్ ఆటల్లో మొదట్లో నాణేలు వేసే యంత్రాలు ఉండేవి. హార్ట్‌గోల్డ్, సోల్‌సిల్వర్ ఆటలు జపాన్ బయటికి వచ్చినప్పుడు వాటి బదులు వోల్టార్బ్ ఫ్లిప్ అనే ఆట పెట్టారు. 25 గడుల బల్ల. ప్రతి వరసకీ అంకెల మొత్తం ఎంతో, బాంబులు ఎన్నో పక్కన రాసి ఉంటుంది. బాంబులు సున్నా అని ఉంటే ఆ వరసంతా తెరిచేయొచ్చు. మొత్తం, బాంబులు కలిపి 5 అయితే ఆ వరసలో ఒకట్లు, బాంబులు తప్ప ఏమీ లేవని అర్థం, దాన్ని వదిలేయొచ్చు. ఇది సుడోకు లాంటిది, నేర్చుకుంటే మెరుగవుతారు.

2010లో వచ్చిన ఫాలౌట్ న్యూ వేగాస్‌లో ఇంకో వింత. మన పాత్రకి "అదృష్టం" అనే గుణం పదికి పది పెట్టుకుంటే 21 ఆటలో వరసగా గెలుస్తూనే ఉంటాం. అయితే కొంత గెలిచాక క్యాసినోవాళ్లు మర్యాదగా కానుకలిచ్చి, చివరికి "ఇక మా దగ్గర ఆడకండి" అంటారు. కథలో పెట్టిన ఈ ముక్క మాత్రం పచ్చి నిజం. ఎప్పుడూ గెలిచేవాడిని ఏ జూదశాలా ఉంచుకోదు. మిమ్మల్ని రా రా అని పిలుస్తోందంటే మీరు గెలిచే మనిషి కాదని దానికి తెలుసు.

శాన్ ఆండ్రియాస్‌లోనూ అలాంటి నిజం ఒకటి దాచారు. క్యాసినోలో అప్పుపడి తీర్చకపోతే ముందు ఫోన్ వస్తుంది, తర్వాత మనుషులు వస్తారు. లోన్ యాప్‌ల బాధ పడినవాళ్లకి ఈ వరస వివరించక్కర్లేదు.

ఆటకీ ఉచ్చుకీ మధ్య గీత

ఇప్పుడు అసలు విషయం. క్యాసినో బొమ్మలు మూడు చోట్ల కనిపిస్తాయి.

మొదటిది, కథ ఉన్న గేమ్‌లో చిన్న భాగంగా ఉండే క్యాసినో. స్టార్‌డ్యూ వ్యాలీ అనే వ్యవసాయం ఆటలో కూడా ఉంది. అక్కడ నాణేలు కొనొచ్చు గానీ మళ్లీ డబ్బుగా మార్చుకోలేరు. పోయినా మన జేబులో రూపాయి కదలదు.

రెండోది, ఉచితంగా దొరికే తీన్ పత్తీ, స్లాట్ యాప్‌లు. మొదట చిప్స్ ఊరికే ఇస్తారు. అయిపోయాక కొనమంటారు. గెలిచిన చిప్స్‌ని మాత్రం రూపాయలుగా మార్చరు. ఇక్కడ డబ్బు ఒకే వైపు నడుస్తుంది, మన నుంచి వాళ్లకి.

మూడోది, డబ్బు పెట్టి డబ్బు తీసుకునే యాప్‌లు. ముందు డెమో ఆడమంటారు. డెమోలో గెలిచినంత మాత్రాన అసలు ఆటలో గెలుస్తామని హామీ ఏమీ లేదు. ముక్కలు కలిపేదీ, చక్రం తిప్పేదీ వాళ్ల ప్రోగ్రామే, అందులో ఏం రాశారో మనం చూడలేం.

మొదటి చోట మనకున్న బలం సేవ్ ఫైల్. రెండు, మూడు చోట్ల ఆ బలం లేదు. తెర మీద బొమ్మ ఒకటే, బల్ల ఒకటే, చప్పుడు కూడా ఒకటే. అందుకే బుర్ర మోసపోతుంది. "కొంచెంలో పోయింది" అనిపించేలా బొమ్మలు ఆగడం, ఎప్పుడో ఒకసారి బహుమతి రావడం, ఇవే మనిషిని కుర్చీలో కట్టేస్తాయి.

చట్టం ఏమంటోంది?

ఈ కథకి మన దగ్గరే మొదలు ఉంది. 1963లో సికింద్రాబాద్‌లోని క్రెసెంట్ రిక్రియేషన్ క్లబ్ మీద పోలీసులు దాడి చేశారు. రమ్మీ ఆడుతున్నారని కేసు. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం వర్సెస్ కె.సత్యనారాయణ పేరుతో అది సుప్రీంకోర్టుదాకా వెళ్లింది. రమ్మీ మూడు ముక్కలాటలా ఉత్త అదృష్టం కాదు, ముక్కలు గుర్తుపెట్టుకుని పేర్చే నైపుణ్యమే ఎక్కువ అని కోర్టు చెప్పింది. తర్వాత ఆన్‌లైన్ రమ్మీ కంపెనీలు ఈ తీర్పునే పట్టుకుని నడిచాయి. అదే తీర్పులో ఇంకో మాట కూడా ఉంది. పందెం కాసే ఆట మీద నిర్వాహకుడు లాభం తీసుకుంటున్నట్టు రుజువైతే నేరం కావచ్చని. ఆ మాట ప్రకటనల్లో ఎవరూ చెప్పలేదు.

2017లో తెలంగాణ, 2020 సెప్టెంబరులో ఆంధ్రప్రదేశ్ తమ గేమింగ్ చట్టాలు సవరించి డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలని నిషేధించాయి. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికీ కొత్త చట్టం చేసింది. ఈ-స్పోర్ట్స్‌నీ, పందెం లేని ఆటలనీ ప్రోత్సహిస్తూ, డబ్బు ఆటలని నైపుణ్యమా అదృష్టమా అనే తేడా లేకుండా ఆపేసింది. నడిపేవాళ్లకి మూడేళ్ల జైలు, కోటి రూపాయల జరిమానా దాకా ఉంది. ప్రకటనలు చేస్తే రెండేళ్లు, 50 లక్షల దాకా. ఊరికే ఆడి మోసపోయినవాడిని ఈ చట్టం నేరస్తుడిగా చూడదు. కాబట్టి పోగొట్టుకున్నవాళ్లు భయపడి దాక్కోవాల్సిన పని లేదు.

పెద్ద యాప్‌లు ఆగినా, మెసేజ్ లింకుల్లో వచ్చే విదేశీ బెట్టింగ్ యాప్‌లు ఆగలేదు. ప్లే స్టోర్‌లో లేని యాప్‌ని లింక్ నొక్కి వేసుకోమంటే అక్కడే అనుమానించాలి.

ఇంట్లో ఏం చేయాలి?

మన ప్రాంతంలో డబ్బు నెలనెలా రాదు. పత్తి తీసినప్పుడు, గుంటూరు యార్డులో మిర్చి అమ్మినప్పుడు ఒక్కసారి చేతికొస్తుంది. వానకీ, తెగులుకీ, ధరకీ భయపడి ఏడాదంతా పందెం కాసిన రైతుకి, ఆ డబ్బు మీద ఇంకో పందెం ఎందుకు? వచ్చిన డబ్బు ఉండే ఖాతా వేరు, ఫోన్‌లో యూపీఐకి కలిపిన ఖాతా వేరు పెట్టుకోండి. పిల్లల ఫోన్‌లో యాప్ కొనుగోళ్లకి పాస్‌వర్డ్ పెట్టండి.

పిల్లవాడు గేమ్ ఆడుతుంటే ఫోన్ లాక్కునే ముందు పక్కన కూర్చుని ఒక్క మాట అడగండి: "ఇందులో పోయింది మళ్లీ డబ్బిచ్చి కొనాలా నాన్నా?" కాదంటే అది ఆట. అవునంటే మాట్లాడాల్సిన సమయం వచ్చింది.

జూదాన్ని మన పెద్దలు కొత్తగా తప్పన్లేదు. ఖుర్ఆన్ మైసిర్ అని నిషేధించింది. భారతంలో ధర్మరాజు కథ తెలియని ఇల్లు లేదు. ఋగ్వేదంలోనే జూదరి గోడు మీద ఒక సూక్తం ఉంది. అన్ని ఇళ్లలోనూ పెద్దవాళ్లు చూసింది ఒకటే.

ఇప్పటికే ఇరుక్కున్నవాళ్లు ఎవరైనా ఉంటే, ఆన్‌లైన్ మోసం అయితే వెంటనే 1930కి ఫోన్ చేయండి. మానలేకపోతున్నా, మనసు బాగోలేకపోయినా టెలీ మానస్ 14416కి చేయండి, తెలుగులో మాట్లాడొచ్చు. అన్నిటికన్నా ముందు ఇంట్లో ఒకరికి చెప్పండి. అప్పు మొదటి పది వేల దగ్గర చెప్తే తీరుతుంది, పది లక్షల దగ్గర చెప్తే ఊరు వదలాల్సి వస్తుంది.

గేమ్‌లో ఓడిపోతే పాత సేవ్ తెరుస్తాం. ఇంట్లో ఆ బటన్ లేదు. కాబట్టి గెలిచే వ్యూహం ఏదైనా ఉంటే, అది బల్ల దగ్గర కూర్చోక ముందే వేయాలి.