కల్లెడ నుంచి పారిస్‌ దాకా.. దీప్తి పరుగు వెనుక ‘టీ20’ కథ

కొండగట్టు: ఆంజనేయస్వామి సన్నిధిలో కొన్నాళ్లు నిద్ర చేస్తే మనసు కుదుటపడుతుందన్న నమ్మకంతో ఉత్తర తెలంగాణ పల్లెల నుంచి తల్లిదండ్రులు బిడ్డలను వెంటబెట్టుకుని కొండ ఎక్కడం తరతరాలుగా ఉన్నదే. మానసిక వ్యాధి సోకినవారినైనా, పుట్టుకతోనే బుద్ధి ఎదుగుదల తక్కువైనవారినైనా జనం వాడుకలో పిలిచేది ఒకే మాటతో. వైద్యశాస్త్రం మాత్రం ఈ రెండింటినీ వేర్వేరుగా చూస్తుంది. మానసిక వ్యాధికి మందులున్నాయి. బుద్ధిమాంద్యం వ్యాధి కాదు, జీవితాంతం వెంట ఉండే స్థితి. దానికి కావలసింది ఓపికతో కూడిన శిక్షణ. ఆ శిక్షణ అందితే ఏమవుతుందో పాత కరీంనగర్‌ జిల్లాకు పొరుగునే ఉన్న వరంగల్‌ జిల్లా పర్వతగిరి మండలం కల్లెడ యువతి జీవాంజి దీప్తి పరుగు చెబుతుంది.

2024 సెప్టెంబరు 3న పారిస్‌ పారాలింపిక్స్‌ మహిళల 400 మీటర్ల టీ20 పరుగులో దీప్తి కాంస్య పతకం గెలిచింది. బుద్ధిమాంద్యం విభాగంలో పారాలింపిక్స్‌ పతకం సాధించిన తొలి భారత క్రీడాకారిణి ఆమే. ఆ పతకం రాగానే జిల్లాలో పలువురికి వచ్చిన సందేహం ఒక్కటే. కాళ్లూ చేతులూ చక్కగా ఉన్న అమ్మాయి వికలాంగుల పోటీల్లో ఎలా పరుగెత్తింది?

జవాబు ఆ ‘టీ20’లోనే ఉంది. క్రికెట్‌కూ దీనికీ సంబంధం లేదు. ‘టీ’ అంటే ట్రాక్‌. 20 అన్నది బుద్ధిమాంద్యం ఉన్నవారికి కేటాయించిన సంఖ్య. చూపు లోపించిన వారికి, చేయి లేదా కాలు కోల్పోయిన వారికి వేరే సంఖ్యలు ఉన్నాయి. ప్రజ్ఞాలబ్ధి 75 లేదా అంతకంటే తక్కువ ఉండటం, దైనందిన వ్యవహారాల్లో ఇతరుల ఆసరా అవసరం కావడం, ఈ లోపం ఎదిగే వయసులోనే బయటపడి ఉండటం.. ఈ మూడూ రుజువైతేనే అర్హత లభిస్తుంది.

ఒంట్లో బలం ఉంటే చాలదా, పరుగుకు బుద్ధితో ఏం పని అని కొట్టిపారేయడానికి వీల్లేదు. 400 మీటర్లు మొదటి నుంచి చివరి దాకా ఒకే ఊపుతో పరుగెత్తగలిగే దూరం కాదు. తొలి 200 మీటర్లలో శక్తి అంతా ఖర్చు చేస్తే చివరి మలుపు తర్వాత కాళ్లు మొరాయిస్తాయి. మరీ దాచుకుంటే ప్రత్యర్థి అందదు. పైగా ఎవరి గీతల మధ్య వారే పరుగెత్తాలి. బయటి వరుసలో ఉన్నవారు ముందు నుంచి బయలుదేరతారు కనుక ఎవరు ముందున్నారో, ఎవరు వెనుకబడ్డారో చివరి మలుపు దాకా తేలదు. వేగాన్ని లెక్కగట్టి పంచుకోవడం, తుపాకీ మోతకు తక్షణం స్పందించడం, వేల మంది కేకల నడుమ కోచ్‌ చెప్పినది గుర్తుంచుకోవడం.. ఇవన్నీ మెదడు పనులే. టీ20 క్రీడాకారులకు అసలు పరీక్ష అక్కడే.

సిడ్నీ మోసం.. పన్నెండేళ్ల శిక్ష

అర్హత నిబంధనలు ఇంత కఠినంగా ఉండటానికి ఒక చేదు కారణం ఉంది. 2000 సిడ్నీ పారాలింపిక్స్‌లో స్పెయిన్‌ బుద్ధిమాంద్యుల బాస్కెట్‌బాల్‌ జట్టు స్వర్ణం గెలిచింది. జట్టులోని 12 మందిలో 10 మందికి ఏ లోపమూ లేదని తర్వాత వెల్లడైంది. మారువేషంలో ఆటగాడిగా జట్టులో చేరిన ఒక పాత్రికేయుడే ఆ గుట్టు విప్పాడు. మోసం చేసింది కొందరైతే, దండన పడింది అసలైన అర్హులపైన. 2004 ఏథెన్స్‌, 2008 బీజింగ్‌ క్రీడల్లో వారికి పతక పోటీలే లేకుండా పోయాయి. 2012 లండన్‌లో మళ్లీ తలుపు తెరిచారు. మహిళల 400 మీటర్లకు చోటు దక్కింది 2016 రియోలోనే. దీప్తి ఒక తరం ముందు పుట్టి ఉంటే ఆమె పరుగుకు ఈ వేదికే ఉండేది కాదు.

దీప్తి తల్లిదండ్రులు యాదగిరి, ధనలక్ష్మి కూలి పనులు చేసుకుని బతికినవారు. బిడ్డ రూపాన్నీ, నెమ్మదితనాన్నీ చూసి ఊళ్లో కొందరు ‘పిచ్చి’ అనీ, ‘కోతి’ అనీ వెక్కిరించారనీ, అనాథాశ్రమంలో వదిలేయమని కూడా సలహా ఇచ్చారనీ తల్లి తర్వాత చెప్పుకొచ్చింది. కల్లెడలోని ఆర్‌డీఎఫ్‌ పాఠశాల వ్యాయామ ఉపాధ్యాయుడు మాత్రం ఆమె కాళ్లలోని వేగాన్ని చూశాడు. 2019లో ఖమ్మంలో జరిగిన రాష్ట్రస్థాయి పోటీల్లో ద్రోణాచార్య పురస్కార గ్రహీత నాగపురి రమేశ్‌ కంట పడటంతో దారి మారింది. అప్పటి దాకా ఆమె పరుగెత్తింది సాధారణ క్రీడాకారుల నడుమనే. బ్యాడ్మింటన్‌ కోచ్‌ పుల్లెల గోపీచంద్‌ సూచన మేరకు ఆమెకు సికింద్రాబాద్‌లోని జాతీయ సంస్థలో (జనానికి పాత పేరు ఎన్‌ఐఎంహెచ్‌తోనే పరిచయం) పరీక్షలు చేయించగా, పారా క్రీడలకు అర్హురాలని తేలింది. గోపీచంద్‌-మైత్రా ఫౌండేషన్‌ శిక్షణకు అండగా నిలిచింది.

ఆ తర్వాత ఫలితాలు వరుసగా వచ్చాయి. 2023 అక్టోబరులో హాంగ్జౌ ఆసియా పారా క్రీడల్లో 56.69 సెకన్లతో స్వర్ణం. 2024 మే 20న జపాన్‌లోని కోబెలో ప్రపంచ ఛాంపియన్‌షిప్‌ స్వర్ణం, 55.07 సెకన్లతో ప్రపంచ రికార్డు. అమెరికాకు చెందిన బ్రియానా క్లార్క్‌ నెలకొల్పిన 55.12ను ఆమె చెరిపేసింది. సాధారణ విభాగంలో హిమదాస్‌ 2018లో జకార్తాలో నెలకొల్పిన జాతీయ రికార్డు 50.79 సెకన్లు. రెంటి మధ్య తేడా నాలుగు సెకన్ల పైచిలుకు మాత్రమే.

పారిస్‌ ఫైనల్‌ను మరొక్కసారి చూడాలి. ఉక్రెయిన్‌ క్రీడాకారిణి యూలియా షూలియర్‌ 55.16, తుర్కియేకు చెందిన ఐసెల్‌ ఓండర్‌ 55.23, దీప్తి 55.82. కోబెలో పరుగెత్తిన వేగమే అక్కడా వచ్చి ఉంటే స్వర్ణం ఆమెదే. మూడు నెలల తేడాలో ముప్పావు సెకను జారిపోయింది. దీన్ని వైఫల్యం అనడం సబబు కాదు. ఇరవై ఏళ్ల వయసులో, తొలి పారాలింపిక్స్‌లో, కిక్కిరిసిన మైదానంలో వేగాన్ని అదుపులో ఉంచుకోవడం ఎంత కష్టమో ఆ అంకెలు చూపుతాయి. 2025లో ఢిల్లీలో జరిగిన ప్రపంచ ఛాంపియన్‌షిప్‌లో ఆమెకు రజతం దక్కింది. స్వర్ణం ఓండర్‌దే.

పారిస్‌ పతకం తర్వాత రాష్ట్ర ప్రభుత్వం కోటి రూపాయలు, గ్రూప్‌-2 ఉద్యోగం, వరంగల్‌లో 500 గజాల స్థలం ప్రకటించింది. కేంద్రం అర్జున పురస్కారంతో గౌరవించింది. ఒకప్పుడు పూట గడవక భూమి అమ్ముకున్న కుటుంబం ఆమె గెలిచిన డబ్బుతోనే మళ్లీ భూమి కొనుక్కుంది.

మన జిల్లాల్లో ఇలాంటి పిల్లలు లేరా?

ఉన్నారు. అయితే కరీంనగర్‌, ఆదిలాబాద్‌ క్రీడా పాఠశాలల ఎంపికలో చూసేది దేహ దారుఢ్యాన్నే. బుద్ధిమాంద్యం ఉన్న పిల్లలను వెతికి పట్టుకునే ఏర్పాటు అందులో లేదు. మండల కేంద్రాల్లోని భవిత కేంద్రాలకు వచ్చే పిల్లలను మైదానం వైపు నడిపించేవారు అరుదు. కళ్లున్న ఒక వ్యాయామ ఉపాధ్యాయుడు దొరకడమే దీప్తి అదృష్టం. ప్రతి బిడ్డకూ అలాంటి అదృష్టం రాసిపెట్టి ఉంటుందని కూర్చోవడం ప్రభుత్వానికి తగని పని.

తల్లిదండ్రులు ఒక సంగతి గుర్తుంచుకోవాలి. పింఛను కోసం తీసుకున్న సదరం పత్రం గానీ, దాని స్థానంలో వచ్చిన యూడీఐడీ కార్డు గానీ అంతర్జాతీయ పోటీలకు చాలదు. అర్హత కలిగిన మనస్తత్వ నిపుణుడు జరిపిన ప్రజ్ఞాలబ్ధి పరీక్ష, దైనందిన నైపుణ్యాల అంచనా, చిన్ననాటి నుంచి బిడ్డ ఎదుగుదల వివరాలు కలిపి ‘వర్టస్‌’ అనే అంతర్జాతీయ సంస్థకు పంపాలి. ఆపైన పోటీల వేదిక వద్ద మరోమారు పరీక్షిస్తారు. అందుకే అంగన్‌వాడీ కార్డు, పాఠశాల ప్రగతి పత్రాలు, ఆసుపత్రి చీటీలు చిరిగిపోకుండా ఇప్పటి నుంచే దాచిపెట్టుకోవాలి.