రెండు వందల నలభై రూపాయల కొలువు

మా అత్తగారికి ఒక పట్టింపు వున్నది. బొమ్మల కొలువు పెట్టే ఆనవాయితీ గల ఇంట్లో ఏ ఏటికా ఏడు కొలువు తీరవలసిందే గాని మధ్యలో మానకూడదట. పాత బొమ్మలతోబాటు ఏటా ఒక్కటైనా కొత్త బొమ్మ చేరాలట. కాపురానికి వచ్చిన నాటినుంచీ నేను ఆ రెండో షరతును గురించి విసుక్కొంటూనే వున్నాను. బజారులో బొమ్మల ధరలు అడిగి చూస్తే మీకూ విసుగు పుడుతుంది. కాని 2024లో మొదటి షరతుకే ముప్పు వచ్చింది.

మా ఊరు గరికపాడు. హైదరాబాదునుంచి బెజవాడ వచ్చేవారు పాలేరు దాటగానే తగిలే ఊరు. 2022 ఏప్రిల్ నుంచి మేము ఎన్టీఆర్ జిల్లా వాళ్ళమే అయినా, కృష్ణాజిల్లా మెరక ప్రాంతం వాళ్ళమని చెప్పుకొనే అలవాటు నోటిని వదలలేదు. మెరక అన్నానని మాకు వరద రాదనుకోకండి. 2024 ఆగస్టు ఆఖరున, సెప్టెంబరు మొదటి తేదీన కురిసిన వానకు పాలేరు పొంగి, మా ఊరి దగ్గర పెద్దరోడ్డు మీద రాకపోకలే ఆగిపోయినవి. బెజవాడను బుడమేరు ముంచింది కూడా అప్పుడే. మా ఇంట్లో మోకాటి లోతు నీళ్ళు. బియ్యం బస్తాలూ, మా అమ్మాయి పుస్తకాలూ పైకి ఎత్తాము గాని, మంచం కింద వున్న బొమ్మల పెట్టె సంగతి ఎవరికీ గుర్తు రాలేదు.

నీళ్ళు తీసిన తరువాత పెట్టె తెరిచి చూస్తే గుండె ఆగినంత పని అయింది. అడుగున పెట్టిన మట్టిబొమ్మలు కలిసిపోయి ఒకటే బురదముద్ద. శ్రీరాముడేడో, శెట్టిగారేడో తెలియదు. పైన పెట్టిన కొండపల్లి బొమ్మలు మాత్రం నీటి మీద తేలినవి. వాటిని చేసేది తెల్లపొణికి కర్ర. బెండులాగా తేలిక. తేలితే తేలినవి గాని, రంగులు పోయి, అతుకులు విడిపోయి, ఏనుగు ఒకచోటా అంబారీ ఒకచోటా అయిపోయినవి. అవి మా అమ్మ నాకు పసుపు కుంకుమలతో ఇచ్చిన బొమ్మలు. ఆవిడ ఇప్పుడు లేదు. నేను ఎవరికీ కనబడకుండా వంటింట్లోకి వెళ్ళి కాసేపు కూర్చున్నాను.

“ఈ ఏటికి కొలువు లేదులెండి, అత్తయ్యా” అన్నాను. ఆవిడ ఏమీ అనలేదు. అనకపోవడమే నాకు కష్టంగా తోచింది.

ఇంతలో అక్టోబరు వచ్చింది. అమెరికాలో వున్న మా చెల్లెలు ఒకరోజు ఫోనులో తన ఇల్లంతా చూపించింది. ఆ దేశంలో అక్టోబరు 31న హాలోవీన్ అని దయ్యాల పండుగ. చినిగిన దుప్పటితో దయ్యం, దూదిని సాగదీసి సాలెగూడు, అట్టపెట్టెలు కత్తిరించి గబ్బిలాలు, గుమ్మంలో కళ్ళూ కోరలూ చెక్కిన గుమ్మడికాయ. ఐర్లండులో పూర్వం ఇందుకు టర్నిప్ దుంపలు చెక్కేవారనీ, వలస వచ్చినవారికి అమెరికాలో గుమ్మడికాయ అనువుగా దొరికిందనీ చెప్పింది. అంతా విని మా అత్తగారు, “గుమ్మడికాయకు కళ్ళూ మీసాలూ గీసి గుమ్మానికి కట్టడం మనకేం కొత్తే? మనం బూడిద గుమ్మడి కడతాము, వాళ్ళు కూరగుమ్మడి పెట్టారు, అంతేగా!” అని కొట్టిపారేసింది.

మా అమ్మాయి కళ్ళు మాత్రం ఆ అట్టపెట్టెల మీదనే వున్నవి. ఫోను పెట్టేశాక అడిగింది: “పిన్ని కొన్నది ఏమీ లేదు కదమ్మా? అంతా చెత్తతోనే చేసింది. మనం చెయ్యలేమా?”

దీనికి నేను సమాధానం చెప్పేలోపలే మా అత్తగారు లేచి వెళ్ళి చింతపిక్కల డబ్బా తెచ్చింది.

చింతపిక్కలు దేనికంటారా? దోరగా వేయించి, పై పొట్టు రాల్చి, నానబెట్టి మెత్తగా రుబ్బి, నీళ్ళలో ఉడికిస్తే చక్కని జిగురు వస్తుంది. కొండపల్లి వాళ్ళు ఇదే జిగురులో రంపపు పొట్టు కలిపి ‘మక్కు’ చేస్తారు. అక్కడ బొమ్మను ఒకే ముక్కలో చెక్కరు. చేతులూ కాళ్ళూ వేరుగా చెక్కి మక్కుతో అతుకుతారు. నీళ్ళలో మా ఏనుగూ అంబారీ విడాకులు తీసికొన్నది అందువల్లనే. జగ్గయ్యపేటలో వడ్రంగి కొట్టు ముందు పోగుపడిన పొట్టు ఒక సంచెడు అడిగి తెచ్చుకొని, మక్కు చేసి, మా అత్తగారు అతుకు పెట్టింది. ఇప్పుడు ఆ ఏనుగుకు కాస్త మెడ వాపు వున్నదిగాని నిలబడుతున్నది.

కొత్త బొమ్మలకు పాత వార్తాపత్రికలు. కాగితాన్ని చిన్న చిన్న ముక్కలుగా చింపి రెండు రోజులు నానబెట్టాలి. రోట్లో వేసి దంచి, నీరు గట్టిగా పిండి, చింతపిక్కల జిగురూ, గుప్పెడు మెంతిపిండీ కలిపి, చపాతీ ముద్దలా పిసకాలి. మెంతులు వేస్తే పురుగు పట్టదని పెద్దల మాట. పూర్వం మన ఇళ్ళలో కాగితపు బుట్టలు చేసికొన్నది ఈ ముద్దతోనే.

మొదటి విడత చేసిన ఆరు బొమ్మలూ పగిలిపోయినవి. తొందరపడి ఎండలో పెట్టాము. పైపొర ముందుగా ఎండి బిగుసుకొంటుంది, లోపల తడి అలాగే వుంటుంది, ఆ లాగుడుకు నెర్రెలు విచ్చుతవి. రేగడి చేను పగిలినట్లే. రెండో విడత బొమ్మ లోపల నలిపిన కాగితపు ఉండ పెట్టి, దారం చుట్టి, దాని మీద ముద్దను పలచగా అద్దాము. ఒక పొర నీడన ఆరిన తరువాతనే రెండో పొర. బొమ్మకు నాలుగైదు రోజులు పడుతుంది. సంక్రాంతికి నెల ముందునుంచి మొదలుపెట్టకపోతే ఈ పని జోలికి పోవద్దని నా సలహా.

రంగుల దగ్గర ఒక తమాషా జరిగింది. బొమ్మకు మెరుగు రావడానికి సున్నం పూసి, దాని మీద అమ్మవారి చీరకు పసుపు కలిపి వేశాను. చూస్తుండగానే చీర ఎర్రబడిపోయింది! ఎం.ఏ. చదివి కాలేజీలో పాఠం చెప్పే నాకు, పసుపులో సున్నం కలిస్తే ఎరుపు అవుతుందని తెలియక కాదు. దిష్టికి తీసే ఎర్రనీళ్ళు అదే కదా. తెలిసినది సమయానికి తట్టలేదు. మా అత్తగారు కళ్ళనీళ్ళు వచ్చేటట్లు నవ్వింది. వరద తరువాత ఆవిడ అంతగా నవ్వడం అదే మొదలు. తరువాత సున్నం మాని సుద్దపొడిలో తుమ్మజిగురు కలిపి పూశాము (కాలేజీ సుద్దముక్కలు కావు సుమా, కొన్నవే!). నలుపుకు దీపం మసి, నీలానికి బట్టల నీలిమందు. మిగిలిన రంగులకు మాత్రం పిల్లల రంగుల పెట్టె ఒకటి కొన్నాము.

మెట్లు ఎప్పుడూ బేసి సంఖ్యలో వుండాలి. మూడో, అయిదో, ఏడో. మాకు అయిదు. ట్రంకుపెట్టెలూ, పీటలూ, నా పాత పుస్తకాల కట్టలూ పేర్చి, పైన మా వారి పంచె పరిచాము. భోగికి ఎనిమిది రోజుల ముందు కొబ్బరిచిప్పల్లో మట్టి పోసి ఆవాలూ, మెంతులూ చల్లితే పండుగనాటికి పచ్చని చేలు తయారు. అద్దంముక్క చెరువు. అగ్గిపెట్టెలు ఇళ్ళు. ఒక మాట మరచిపోకూడదు: ఇంత కాగితమూ దూదీ వున్న చోట నూనెదీపం పెట్టకండి. హారతి ఇచ్చి దీపం దూరంగా పెట్టుకోండి.

బొమ్మల కొలువు మన సొత్తే అనుకొంటాము గాని, తమిళులు నవరాత్రులకు పెడతారు, మైసూరు వారు దసరాకు పెడతారు. జపానులో మార్చి 3న ఆడపిల్లల పండుగకు మెట్ల మీద ఎర్రబట్ట పరచి, పైమెట్టున చక్రవర్తినీ రాణినీ కూర్చోబెడతారట. మా అత్తగారు ఇది విని, “ఎర్రబట్టా? బాగానే వుంటుంది” అన్నది. ఆవిడ నోట అది గొప్ప మెప్పు.

అసలు తగాదా భోగి ముందు రోజున వచ్చింది. మా అమ్మాయి అడుగుమెట్టు మీద నీలికాగితంతో పాలేరు చేసి, అట్టతో వంతెన కట్టి, రోడ్డు మీద అగ్గిపెట్టెల లారీలను వరసగా నిలబెట్టింది. నీళ్ళలో సగం మునిగిన ఒక ఇల్లు కూడా పెట్టింది. అది మా ఇల్లే. గుమ్మం రంగుతో సహా.

“కొలువులో వరద ఏమిటే? శుభమా అని పండుగనాడు!” అని మా అత్తగారు కసురుకొన్నది.

“జరిగింది కదా, నాయనమ్మా?”

“జరిగినవన్నీ పెడతారా?”

పిల్ల మాట్లాడలేదు, తియ్యనూ లేదు. నేను ఎవరి పక్షమూ వహించలేదు. నిజానికి నాకూ ఆ మునిగిన ఇంటిని చూస్తే మనస్సు ఒకలాగా అయింది. రాత్రి ఎవరు ఎప్పుడు లేచారో తెలియదు. తెల్లవారి చూస్తే పాలేటి ఒడ్డున పసుపుముద్దతో చేసిన గంగమ్మ కూర్చుని వున్నది. బొట్టు పెట్టి, చామంతి రేకు ఒకటి వుంచారు. లారీలు ఎక్కడివక్కడే వున్నవి.

2025 జనవరి 13 భోగినాడు మొదలుకొని కనుమ దాకా మూడు రోజులూ పేరంటాళ్ళు వచ్చారు. మా అమ్మ బొమ్మల సంగతి తెలిసినవారు ముందు ఏనుగును పలకరించారు. చాలామంది మాత్రం అడుగుమెట్టు దగ్గర కూర్చుండిపోయి, నీళ్ళు తమ ఇంట్లో ఎంతదాకా వచ్చినవో చేత్తో చూపించుకొంటూ చెప్పుకొన్నారు. శనగల పళ్ళెం రెండుసార్లు నింపవలసి వచ్చింది.

మొత్తం ఖర్చు రెండు వందల నలభై రూపాయలు. అందులో రంగుల పెట్టె నూట ఇరవై, రంగుకాగితాలు అరవై, తుమ్మజిగురూ సుద్దా కలిపి ముప్ఫయి, దారమూ దూదీ ముప్ఫయి. శనగలూ తాంబూలాలూ ఇందులో చేర్చలేదు, అవి ఎలాగూ తప్పవు.

కనుమనాటి రాత్రి ఆనవాయితీ ప్రకారం ఒక బొమ్మను పడుకోబెట్టి, మర్నాడు అన్నింటినీ పాత గుడ్డల్లో చుట్టాము. అట్ట వంతెనను పారవేద్దామంటే మా అత్తగారు ఒప్పుకోలేదు. పెట్టెను ఈసారి అటక మీద పెట్టాము.