పెళ్ళి ఫొటోగ్రాఫరును ఎంచుకునే ముందు

“ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు” అన్నారు పెద్దలు. క్వార్టర్సులో కాపురముండే మనవంటి ఉద్యోగులకు వీటిలో మొదటిది పదవీ విరమణ వరకు వాయిదా పడవచ్చును గాని, రెండవది ఆగదు. కల్యాణ మండపం, వంటవారు, పురోహితుడు, మేళం, బట్టలు, నగలు ఇవన్నీ కుదిరిన పిదప, శుభలేఖలు పంచే హడావిడిలో ఎవరో ఒకరు “ఇంతకీ ఫొటోలు ఎవరు తీస్తున్నారు?” అని అడుగుతారు. అప్పుడు ఎవరి పేరు తోస్తే వారికి కబురు పంపుతాము. వంట మూడు పూటలలో అయిపోతుంది. పందిరి మరునాడు విప్పేస్తారు. ఏభై ఏళ్ళు నిలిచేది ఫొటో ఒక్కటే. చిత్రమేమంటే, మనం అన్నిటికంటె తక్కువగా ఆలోచించేది కూడా దానిని గురించే.

ఈ మాట అనుభవం మీద చెబుతున్నాను. 1994లో మా చెల్లెలి పెళ్ళి జరిగింది. అప్పటికి నేను సంస్థలో చేరి రెండేళ్ళు. ఫొటోల బాధ్యత నాన్నగారు నాకు అప్పగించారు. ఇద్దరు ఫొటోగ్రాఫర్లను అడిగి, ఎనిమిది వందల రూపాయలు తక్కువకు వచ్చే వ్యక్తిని కుదిర్చి, గొప్ప పని చేశానని మురిసిపోయాను. పెళ్ళి అయిన పది రోజులకు ఆయన ఆల్బం తెచ్చి, తల వంచుకుని కూర్చున్నాడు. ఒక రీలు ఫిల్ము కొస కెమెరాలోని స్పూలు పళ్ళకు చిక్కలేదు. పైన అంకె ఒకటి నుండి ముప్పై ఆరు వరకు జరుగుతూనే ఉంది. లోపల ఫిల్ము మాత్రం అంగుళమైనా కదలలేదు. రివైండు పిడి తిరుగుతున్నదో లేదో ఒక్కసారి చూసి ఉంటే తెలిసిపోయేది. ఆ రీలులోనివి కన్యాదానం, అప్పగింతలు.

1996లో నాన్నగారు కాలం చేశారు. చెల్లెలి పెళ్ళిలో ఆయన ఉన్న ఫొటో ఒకే ఒక్కటి మిగిలింది. అందులో ఆయన సాంబారు బకెట్టు పట్టుకుని బంతిలో వడ్డిస్తున్నారు. మనకు కనబడేది వీపు మాత్రమే. తప్పు ఆ ఫొటోగ్రాఫరుదని చాలా కాలం అనుకున్నాను. ఏ పరీక్షా పెట్టకుండా, ధర ఒక్కటే చూసి పని అప్పగించిన వాడిని నేను. ఆఫీసులో అలా చేస్తే ఆడిట్ వారు ఊరుకుంటారా?

అందుచేత గత మాఘమాసంలో మా అమ్మాయి పెళ్ళి కుదిరినప్పుడు, మనం ఆఫీసులో పాటించే పద్ధతులనే ఇంటికి తెచ్చుకున్నాను. అవి పదిమందికీ పనికివస్తాయని ఈ వ్యాసం.

రెండు కవర్ల పద్ధతి

పెద్ద పనుల టెండర్లలో సాంకేతిక అర్హత ఒక కవరులో, ధర మరొక కవరులో తీసుకుంటాము. మొదటిది నెగ్గినవారి రెండవ కవరునే తెరుస్తాము. ఫొటోగ్రాఫరు విషయంలోనూ ముందు పని చూడాలి, ఆ తరువాతే ధర అడగాలి.

పని చూడడమంటే ఏరి కూర్చిన పాతిక అందమైన బొమ్మలు చూడడం కాదు. వంద పెళ్ళిళ్ళలో పాతిక మంచి ఫొటోలు ఎవరికైనా దొరుకుతాయి. ఒకే పెళ్ళికి సంబంధించిన పూర్తి ఆల్బం అడగండి. అది కూడా మీ పెళ్ళి వంటిదే కావాలి. మీ ముహూర్తం రాత్రి రెండు గంటలకైతే, అటువంటి రాత్రి పెళ్ళి ఫొటోలే చూపించమనండి. పగటి వెలుతురులో తోటలో తీసినవి చూసి మోసపోవద్దు.

వాటిలో గమనించవలసినవి కొన్ని ఉన్నాయి. ఎర్రని షామియానా క్రింద ముఖాలు ఎర్రబడకుండా సహజమైన చాయలో ఉన్నాయా? హోమం పొగలో వధూవరుల ముఖాలు తేటగా ఉన్నాయా? తలంబ్రాలు పోసేటప్పుడు గింజలు గాలిలో నిలిచినట్లున్నాయా, గీతలుగా సాగిపోయాయా? తెల్లని పంచెలోని మడతలు, నల్లని జడలోని పాయలు రెండూ కనబడుతున్నాయా? ముదుసలి వారి ముఖాలు ఎన్ని ఫొటోలలో ఉన్నాయి? ఈ చివరి ప్రశ్న అన్నిటికంటె ముఖ్యమైనది.

తంతు తెలిసినవాడా?

మన పెళ్ళిలో సుముహూర్తమంటే జీలకర్ర-బెల్లం తల మీద పెట్టే ఘడియ. అడ్డుతెర తొలగేది, ఒకరినొకరు చూసుకునేది అప్పుడే. ఆ చూపు ఒక్క క్షణం ఉంటుంది, మళ్ళీ పెట్టమంటే రాదు. ఏది ముందో ఏది వెనుకో తెలియనివాడు ఆ సమయానికి లెన్సు మారుస్తూ ఉంటాడు. పైగా ప్రాంతాన్ని బట్టి, ఇంటి ఆచారాన్ని బట్టి క్రమం మారుతుంది. కావున ఫొటోగ్రాఫరును ఒక పూట పురోహితుని వద్ద కూర్చోబెట్టి, గౌరీపూజ మొదలు అరుంధతీ దర్శనం, అప్పగింతల వరకు వరుసగా వ్రాయించండి. పక్కన మీ ఇంటివారి జాబితా ఒకటి చేర్చండి. ఎవరెవరితో ఫొటో తప్పనిసరియో అందులో ఉండాలి. మా జాబితాలో మొదటి పేరు మా అమ్మది. ఆమెకు ఎనభై రెండేళ్ళు.

స్త్రీల సౌకర్యం కూడా ఆలోచించదగిన విషయమే. సుప్రసిద్ధ ఛాయాగ్రాహకుడు రాజా దీన్‌దయాళ్ మన వృత్తి వాడే. రూర్కీలో ఇంజనీరింగు చదివి, ఇండోరులో ప్రభుత్వ కొలువు చేసి, ఆ పైన హైదరాబాదులో ఆరవ నిజాం ఆస్థాన ఛాయాగ్రాహకుడైనాడు. పరదా పాటించే స్త్రీల కొరకు ఆయన 1892లోనే హైదరాబాదులో జెనానా స్టూడియో తెరిచి, దాని నిర్వహణ ఒక మహిళకు అప్పగించాడు. పెళ్ళికూతురును అలంకరించే గదిలో ఫొటోలు తీయడానికి బృందంలో ఒక మహిళ ఉంటే ఇప్పటికీ ఎంతో సౌకర్యం. అడిగితే ఏర్పాటు చేయగలవారు నేడు చాలామంది ఉన్నారు.

స్టాండ్‌బై లేనిదే యంత్రం నడపరాదు

ముఖ్యమైన పంపు ప్రక్కన మరొక పంపు సిద్ధంగా ఉంచుకోనిదే మనం నిద్రపోము. కెమెరా కూడా యంత్రమే. రెండవ కెమెరా ఉన్నదా అని అడగండి. రెండు మెమరీ కార్డులలో ఒకేసారి ఫొటో నమోదు చేసే కెమెరాలున్నాయి, అటువంటిది మేలు. ఒక కార్డు పాడైనా రెండవది కాపాడుతుంది. ఆ రాత్రే ఫొటోలను మరొక డిస్కులోకి ఎక్కిస్తారా అన్నది కూడా తేల్చుకోండి. మాట్లాడిన వ్యక్తి స్వయంగా వస్తాడా, శిష్యుణ్ణి పంపుతాడా అన్నది మరీ ముఖ్యం. లగ్గాల రోజుల్లో ఒకే రాత్రి మూడు పెళ్ళిళ్ళు ఒప్పుకునేవారున్నారు.

డ్రోను కావాలని పిల్లలు సరదా పడతారు. 2021 డ్రోన్ నియమావళి ప్రకారం, 250 గ్రాములకు మించిన డ్రోనును వృత్తిరీత్యా నడిపేవారికి రిమోట్ పైలట్ సర్టిఫికెట్ ఉండాలి. ఎర్ర మండలంగా గుర్తించిన చోట కేంద్ర ప్రభుత్వ అనుమతి లేనిదే ఎగురవేయరాదు. టౌన్‌షిప్ కర్మాగారానికి ఆనుకుని ఉంటుంది గనుక, మన భద్రతా విభాగం వారిని ముందుగా సంప్రదించకుండా ఎవరూ అందుకు పూనుకోరాదు.

నోటి మాట చాలదు

ఒక్క పేజీ ఒప్పందం వ్రాసుకుంటే ఇరువురికీ క్షేమం. ఎన్ని గంటలు, ఎంతమంది వస్తారు, ఆల్బం సైజు, పేజీల సంఖ్య, ఇచ్చే తేదీ, దిద్దని మూల ఫొటోలు కూడా ఇస్తారా లేదా అన్నవి అందులో ఉండాలి. సొమ్ము మూడు విడతలుగా చెల్లించి, చివరి విడత ఆల్బం చేతికి వచ్చాక ఇవ్వండి. గుత్తేదారు బిల్లులో మనం కొంత సొమ్ము నిలిపి ఉంచడం వంటిదే ఇది. 1957 నాటి కాపీరైటు చట్టం 17వ సెక్షను ప్రకారం, వేరే ఒప్పందం లేనప్పుడు, ప్రతిఫలమిచ్చి తీయించుకున్న ఫొటోలకు తీయించుకున్నవారే తొలి హక్కుదారులు. కనుక ఆ హక్కును వదులుకునే వాక్యమేదైనా ఉన్నదేమో చూసి సంతకం చేయండి. మీ అమ్మాయి ఫొటోను ప్రకటనకు వాడుకోవాలంటే మీ అనుమతి కావాలన్న మాట కూడా వ్రాయించండి.

ఇన్ని షరతులు పెట్టిన మనం మన వంతు కూడా చేయాలి. ఫొటోగ్రాఫరు బృందానికి ముహూర్తానికి ముందే భోజనం పెట్టించండి. ఆఖరి బంతి వరకు ఆకలితో నిలబడినవాడి చేయి వణుకుతుంది. మాంగల్యధారణ వేళ బంధువులందరూ సెల్‌ఫోన్లు ఎత్తి వేదిక చుట్టూ మూగకుండా చూచే బాధ్యత ఇంటిలోని ఒక పెద్దకు అప్పగించండి. ఫొటోలు చేతికి వచ్చాక రెండు డిస్కులలో భద్రపరచి, ఒకటి వేరే ఊరిలోని తోబుట్టువుల ఇంట ఉంచండి. మంచి కాగితంపై అచ్చు వేయించిన ఆల్బం ఒకటి తప్పక ఉండాలి. దానికి కరెంటుతో పని లేదు.

ఈ పద్ధతిలో మేము ఎంచుకున్న కుర్రవాడు తక్కువ ధరకు వచ్చినవాడు కాదు, అందరికంటె ఎక్కువ అడిగినవాడూ కాదు. పెళ్ళి ముందు రోజే వచ్చి మండపంలోని దీపాలు వేయించి చూసుకున్నాడు. జాబితాలోని పేర్లు మా అబ్బాయిని అడిగి ముఖాలు గుర్తుపట్టాడు. ఆ రెండు పనులతోనే నాకు సగం ధైర్యం వచ్చింది.

ఆల్బం వచ్చిన రోజున మా చెల్లెలు ఇంట్లోనే ఉంది. పేజీలు త్రిప్పుతూ కన్యాదానం దగ్గర ఆగింది. నేను ఒంగి అల్లుడి కాళ్ళు కడుగుతున్నాను. ప్రక్కన మా ఆవిడ నీళ్ళు పోస్తోంది. వెనుక కుర్చీలో మా అమ్మ చేతులు జోడించి చూస్తోంది. చెల్లెలు చాలాసేపు చూసి, “అన్నయ్యా, నాన్న కూడా సరిగ్గా ఇలాగే ఒంగారు” అంది. ముప్పై ఏళ్ళుగా ఆ ఫొటో దాని మనసులో మాత్రమే ఉన్నదన్నమాట.

ఎనిమిది వందల రూపాయలు ఆనాడు నేను ఆదా చేశాననే అనుకున్నాను. మీలో ఎవరి ఇంట త్వరలో పందిరి పడనున్నదో, వారు నా వలె లెక్క తప్పవద్దని కోరుతూ, రాబోయే వధూవరులకు శుభాశీస్సులు.