మాటకు ముందే కదలిక: మాయా డెరెన్ లఘుచిత్రాల్లో దేహభాష

చేతులు, చూపు, నిలుచున్న తీరు, ఎదుటివారి నుంచి పాటించే దూరం ద్వారా మనిషి తెలియజేసే సమాచారాన్ని అశాబ్దిక సంభాషణ అంటారు. పాల్ ఎక్‌మన్, వాలెస్ ఫ్రీసెన్ అనే మనస్తత్వవేత్తలు 1969లో ఈ కదలికలను వర్గీకరిస్తూ, తల ఊపి ఔననడం వంటి అర్థం స్థిరపడిన సైగలను, మాటతోపాటు సాగుతూ దానికి రూపం కట్టే చేతి కదలికల నుంచి వేరు చేశారు. కథాచిత్రం ఈ రెండింటినీ సంభాషణకు తోడుగా వాడుకుంటే, అమెరికన్ ప్రయోగాత్మక దర్శకురాలు మాయా డెరెన్ 1940లలో తీసిన నిశ్శబ్ద లఘుచిత్రాల్లో కదలికే కథనమైంది.

1945లో వచ్చిన ‘ఎ స్టడీ ఇన్ కొరియోగ్రఫీ ఫర్ కెమెరా’లో టాలీ బీటీ అనే నర్తకుడు అడవిలో కాలు పైకెత్తుతాడు; ఆ పాదం దిగేది ఒక ఇంటి గదిలో. చోటు మారినా కదలిక దిశ, వేగం చెదరకుండా రెండు షాట్లను అతికించడం వల్ల ప్రేక్షకుడికి అది ఒకే అడుగుగా తోస్తుంది. 1946 నాటి ‘రిచువల్ ఇన్ ట్రాన్స్‌ఫిగర్డ్ టైమ్’లోని విందు దృశ్యంలో అతిథులు చేతులు చాచి పలకరించుకుని, అంతలోనే మరొకరి వైపు తిరుగుతారు. అవే షాట్లు మళ్లీ మళ్లీ రావడంతో పలకరింపులోని ఆప్యాయత క్రమంగా తొలగి, లయ మాత్రమే మిగిలి, మర్యాద కాస్తా నృత్యంగా మారుతుంది.

కదలికకు ఇంత శక్తి ఎలా వచ్చిందో స్వీడన్ శాస్త్రవేత్త గున్నార్ యోహాన్సన్ ప్రయోగాలు కొంతవరకు వివరిస్తాయి. 1973లో ప్రచురించిన పరిశోధనలో ఆయన మనిషి కీళ్ల వద్ద 10 నుంచి 12 కాంతి బిందువులు మాత్రమే కనిపించేలా చిత్రీకరించారు. నిశ్చలంగా ఉన్నప్పుడు అర్థంలేని చుక్కలుగా కనిపించినవే, కదలగానే నడిచే మనిషిగా తోచాయి. అందుకు సెకనులో ఐదో వంతు వ్యవధి చాలునని తర్వాతి ప్రయోగాలు చూపాయి. ముఖం, దుస్తులు, నేపథ్యం లేకున్నా దేహగతిని పోల్చుకునే ఈ సామర్థ్యాన్ని జీవచలన గ్రహణం అంటారు.

అందువల్ల ఇలాంటి చిత్రాల్లో ఒక సైగకు అర్థమేమిటని వెతకడం కన్నా, అది ఎక్కడ మొదలై, ఎంతసేపు సాగి, ఏ కదలికతో కలిసిందో గమనించడమే ప్రేక్షకుడికి ఎక్కువ ఫలితమిస్తుంది.